మాత్రికా సమీకరణాన్ని రేఖీయ సమీకరణాలుగా విప్పి సాధించడం ఎలా?

తెలియని మాత్రికకు ఎడమ పక్కన ఒక మాత్రిక ఉంటే, దాని విలోమంతో రెండు వైపులా గుణించి జవాబు రాబట్టడం ఇంటర్ చదివిన వారందరికీ తెలిసిన పనే. ఆ మాత్రికకు విలోమం లేకపోతే ఏం చేయాలి, తెలియని మాత్రిక ఒక పదంలో కుడి పక్కన, మరో పదంలో ఎడమ పక్కన ఉంటే ఎలా విడదీయాలి అన్న ప్రశ్నలు పాఠకుల నుంచి తరచూ వస్తున్నాయి. ఆ రెండు సందర్భాల్లోనూ పనికివచ్చే దారి ఒక్కటే. తెలియని మాత్రికలోని ప్రతి మూలకానికీ ఒక పేరు పెట్టి, సమీకరణాన్ని మూలకం మూలకంగా విప్పి, వచ్చిన రేఖీయ సమీకరణాలను సాధించాలి.

దీనికి కావలసిన ముందస్తు జ్ఞానం కొంచెమే. రెండు మాత్రికలను గుణించడం, రెండు చరరాశుల రేఖీయ సమీకరణాల జతను సాధించడం వస్తే చాలు.

1. కాగితం మీద ముందుగా సిద్ధం చేసుకోవలసినవి

ఈ వ్యాసమంతటా ఇచ్చిన మాత్రికలను మ, న అనీ, కుడివైపు ఉండే ఫలిత మాత్రికను ఫ అనీ, కనుక్కోవలసిన అజ్ఞాత మాత్రికను జ అనీ, యూనిట్ మాత్రికను య అనీ రాస్తాను. మాత్రికను ఒకే పంక్తిలో రాసేటప్పుడు అడ్డు వరుసల మధ్య సెమీకోలన్ పెడతాను. అంటే [2 1 ; 5 3] అన్నప్పుడు పై వరుసలో 2, 1, కింది వరుసలో 5, 3 ఉన్నాయని అర్థం.

రెండు వరుసలు, రెండు నిలువు వరుసలు ఉన్న అజ్ఞాత మాత్రికను ఇలా రాద్దాం:

జ = [క చ ; ట త]

మొదలుపెట్టే ముందు ఈ నాలుగూ సరిచూసుకోండి.

☐ అజ్ఞాత మాత్రిక పరిమాణం తేలింది.
☐ ప్రతి మూలకానికీ వేరు వేరు పేరు పెట్టాను.
☐ ఆ పేర్ల క్రమాన్ని (క, చ, ట, త) కాగితం పైభాగంలో రాశాను, చివరిదాకా అదే పాటిస్తాను.
☐ సమీకరణంలో జ ఎక్కడెక్కడ ఎడమ పక్కన ఉందో, ఎక్కడెక్కడ కుడి పక్కన ఉందో గుర్తించాను.

మూడో అంశం చాదస్తంలా అనిపించవచ్చు గాని, ఈ పద్ధతిలో జరిగే పొరపాట్లలో చాలా భాగం పేర్ల క్రమం మధ్యలో తారుమారు కావడం వల్లనే జరుగుతాయి.

2. ఈ పద్ధతి పనికివస్తుందో లేదో తేల్చుకోవడం

జ మూలకాలు ఒకదానితో ఒకటి గుణించుకోనంత వరకే విప్పగా వచ్చేవి రేఖీయ సమీకరణాలవుతాయి. మ·జ = ఫ, జ·మ = ఫ, మ·జ + జ·న = ఫ, మ·జ·న = ఫ, 2జ నుంచి జ ట్రాన్స్‌పోజ్‌ను (అడ్డు వరుసలను నిలువు వరుసలుగా మార్చి రాసిన మాత్రికను) తీసివేసే సమీకరణం, ఇవన్నీ రేఖీయాలే. ట్రాన్స్‌పోజ్ వల్ల చ, ట స్థానాలు మారతాయే తప్ప వాటి ఘాతం పెరగదు.

జ·జ = ఫ గాని, జ·మ·జ = ఫ గాని ఇస్తే విప్పినప్పుడు క×క, చ×ట వంటి పదాలు వస్తాయి. అవి వర్గ సమీకరణాలు కనుక ఇక్కడ చెప్పే మెట్లు వాటికి వర్తించవు.

3. పరిమాణం తేల్చడం

ప్రశ్నలో జ పరిమాణం చెప్పకపోయినా గుణకారం నియమమే దాన్ని తేలుస్తుంది. మ·జ = ఫ లో మ పరిమాణం 2×3, ఫ పరిమాణం 2×2 అయితే, జ కు మ నిలువు వరుసలు ఎన్నో అన్ని అడ్డు వరుసలు ఉండాలి, ఫ నిలువు వరుసలు ఎన్నో అన్ని నిలువు వరుసలు ఉండాలి. అంటే జ పరిమాణం 3×2, అజ్ఞాతాలు 6.

సమీకరణాల సంఖ్య మాత్రం ఫ మూలకాల సంఖ్యకు సమానం. పై సందర్భంలో అవి 4. అజ్ఞాతాలు 6, సమీకరణాలు 4 కనుక ఏకైక సాధన రాదని లెక్క మొదలుపెట్టకముందే తెలిసిపోతుంది. అయితే రెండు సంఖ్యలూ సమానమైనంత మాత్రాన ఏకైక సాధన ఉంటుందని అనుకోకూడదు. ఆ సంగతి 7వ మెట్టులో చూద్దాం.

4. ఎడమవైపు గుణకం: మ·జ = ఫ

మ = [2 1 ; 5 3], ఫ = [5 3 ; 14 7] అనుకుందాం.

మొదట గుణకారం పూర్తిచేసి రాయాలి:

మ·జ = [2క + ట  2చ + త ; 5క + 3ట  5చ + 3త]

రెండు మాత్రికలు సమానం కావాలంటే వాటి అనురూప మూలకాలు సమానం కావాలి కాబట్టి నాలుగు సమీకరణాలు వస్తాయి.

(1) 2క + ట = 5
(2) 2చ + త = 3
(3) 5క + 3ట = 14
(4) 5చ + 3త = 7

ఇక్కడ సాధించడానికి తొందరపడకుండా ఒక్క క్షణం ఆగి చూడండి. (1), (3) లలో క, ట మాత్రమే ఉన్నాయి. (2), (4) లలో చ, త మాత్రమే ఉన్నాయి. నాలుగు అజ్ఞాతాల వ్యవస్థ అనుకున్నది నిజానికి రెండేసి అజ్ఞాతాల రెండు జతలు. మ ఎడమ పక్కన ఉన్నప్పుడు ఎప్పుడూ ఇలాగే జరుగుతుంది: జ లోని ఒక్కో నిలువు వరుస, ఫ లోని అదే నిలువు వరుసతో విడిగా ముడిపడి ఉంటుంది.

మొదటి జతలో ట = 5 − 2క. దీన్ని (3) లో పెడితే 5క + 15 − 6క = 14, అంటే క = 1, ట = 3. రెండో జతలో త = 3 − 2చ. దీన్ని (4) లో పెడితే 5చ + 9 − 6చ = 7, అంటే చ = 2, త = −1.

జ = [1 2 ; 3 −1]

రెండు జతలకూ ఎడమవైపు గుణకాలు ఒకటే కనుక వాటిని గాస్–జోర్డాన్ పద్ధతిలో (ఎడమవైపు మాత్రికను అడ్డు వరుసల ప్రక్రియలతో యూనిట్ మాత్రికగా మార్చే పద్ధతిలో) ఒకేసారి సాధించవచ్చు. ఇంటర్‌లో నిలువు గీతకు కుడివైపున ఒక్క నిలువు వరుస రాస్తారు. ఇక్కడ ఫ మాత్రికను మొత్తంగా రాయాలి. అడ్డు వరుసలను వ1, వ2 అందాం.

ఆరంభం: [2 1 | 5 3 ; 5 3 | 14 7]
వ2 నుంచి 2 రెట్ల వ1 తీసివేస్తే: [2 1 | 5 3 ; 1 1 | 4 1]
వరుసలను తారుమారు చేస్తే: [1 1 | 4 1 ; 2 1 | 5 3]
మళ్లీ వ2 నుంచి 2 రెట్ల వ1 తీసివేస్తే: [1 1 | 4 1 ; 0 −1 | −3 1]
వ2 ను −1 తో గుణిస్తే: [1 1 | 4 1 ; 0 1 | 3 −1]
వ1 నుంచి వ2 తీసివేస్తే: [1 0 | 1 2 ; 0 1 | 3 −1]

గీతకు కుడివైపు మిగిలినదే జ. మొదటి మెట్టులో 2తో భాగించి భిన్నాలు తెచ్చుకోకుండా, తీసివేతతో 1ని రాబట్టిన తీరు గమనించండి. పరీక్షలో ఈ చిన్న జాగ్రత్త చాలా సమయం మిగులుస్తుంది.

5. కుడివైపు గుణకం: జ·మ = ఫ

అవే మ, ఫ తీసుకుని గుణకారపు క్రమం మాత్రం మార్చుదాం.

జ·మ = [2క + 5చ  క + 3చ ; 2ట + 5త  ట + 3త]

ఈసారి సమీకరణాలు ఇలా వస్తాయి: 2క + 5చ = 5, క + 3చ = 3, 2ట + 5త = 14, ట + 3త = 7. ఇప్పుడు జతకట్టినవి క, చ ఒకవైపు, ట, త మరోవైపు. అంటే వ్యవస్థ అడ్డు వరుసలుగా విడిపోయింది.

సాధిస్తే చ = 1, క = 0, త = 0, ట = 7 వస్తాయి.

జ = [0 1 ; 7 0]

ఇచ్చిన రెండు మాత్రికలూ మారలేదు, క్రమం ఒక్కటే మారింది, జవాబులో ఒక్క మూలకం కూడా కలవలేదు. కాబట్టి జ·మ = ఫ ఇచ్చినప్పుడు మ ను ఎడమవైపు పెట్టి గాస్–జోర్డాన్ చేస్తే వచ్చేది వేరే ప్రశ్నకు జవాబు అవుతుంది. అడ్డు వరుసల ప్రక్రియలే వాడాలనుకుంటే రెండు వైపులా ట్రాన్స్‌పోజ్ తీసుకుని, మ ట్రాన్స్‌పోజ్ ఎడమవైపుకు వచ్చాక సాధించి, చివరలో జవాబును మళ్లీ ట్రాన్స్‌పోజ్ చేయాలి.

6. రెండు వైపులా గుణకాలు: మ·జ + జ·న = ఫ

దీన్ని సిల్వెస్టర్ సమీకరణం అంటారు. విప్పడం తప్ప చేతిలెక్కకు సులువైన మార్గం లేని చోటు ఇదే. జ ను ఉమ్మడిగా బయటికి తీయడం కుదరదు, ఎందుకంటే ఒక పదంలో అది కుడి పక్కన, మరో పదంలో ఎడమ పక్కన ఉంది. జ·(మ + న) అనో, (మ + న)·జ అనో రాయడం ఇక్కడ అందరూ చేసే మొదటి తప్పు.

మ = [1 2 ; 0 3], న = [2 0 ; 1 1], ఫ = [6 0 ; 11 4] తీసుకుందాం.

రెండు లబ్ధాలనూ విడివిడిగా రాయండి. రెంటినీ మనసులోనే కలిపేసి ఒకేసారి రాయవద్దు.

మ·జ = [క + 2ట  చ + 2త ; 3ట  3త]
జ·న = [2క + చ  చ ; 2ట + త  త]

కూడితే వచ్చే సమీకరణాలను పట్టికలా పరుద్దాం. లేని అజ్ఞాతానికి సున్నా తప్పనిసరిగా రాయాలి.

క  చ  ట  త | ఫలితం
3  1  2  0 | 6
0  2  0  2 | 0
0  0  5  1 | 11
0  0  0  4 | 4

ఇచ్చిన మాత్రికల్లో సున్నాలు అనుకూలమైన చోట్ల ఉండడం వల్ల పట్టిక నేరుగా మెట్ల ఆకారంలో వచ్చింది. కింది నుంచి పైకి వెళ్తే త = 1; 5ట = 10 కనుక ట = 2; 2చ = −2 కనుక చ = −1; 3క = 6 + 1 − 4 = 3 కనుక క = 1.

జ = [1 −1 ; 2 1]

ఈ వ్యవస్థ 4వ మెట్టులోలాగా జతలుగా విడిపోదు; నాలుగు అజ్ఞాతాలనూ కలిపే సాధించాలి. ఏకైక సాధన ఉంటుందో లేదో ముందే తెలుసుకోవాలంటే మ ఐగెన్ విలువలను న ఐగెన్ విలువలతో ఒక్కొక్కటిగా కూడి చూడాలి (ఒక మాత్రిక నుంచి ఏ సంఖ్య రెట్ల య ను తీసివేస్తే నిర్ధారకం సున్నా అవుతుందో ఆ సంఖ్యలే దాని ఐగెన్ విలువలు). ఏ మొత్తమూ సున్నా కాకపోతే, ఫ ఏదైనా సరే, ఏకైక సాధన ఉంటుంది. ఇక్కడ మ కు 1, 3. న కు 2, 1. మొత్తాలు 3, 2, 5, 4. పట్టికలోని కర్ణం మీద ఉన్నవి సరిగ్గా ఆ సంఖ్యలే.

7. సాధన లేకపోవడం, లెక్కలేనన్ని ఉండడం

మ = [1 2 ; 2 4] కు నిర్ధారకం సున్నా, కాబట్టి విలోమం లేదు. చాలామంది ఇక్కడ ‘సాధన లేదు’ అని రాసి ముగించేస్తారు. విలోమం లేకపోవడం వేరు, సాధన లేకపోవడం వేరు.

ఫ = [3 1 ; 6 2] అయితే మ·జ = ఫ నుంచి క + 2ట = 3, చ + 2త = 1 అన్న రెండే మిగులుతాయి; మిగతా రెండూ వీటికి రెట్టింపులు. ట, త లకు మనకు నచ్చిన విలువలు ఇవ్వవచ్చు.

జ = [3 − 2ట  1 − 2త ; ట  త]

ఫ = [3 1 ; 6 5] అయితే మొదటి నిలువు వరుసకు ఇబ్బంది లేదు. రెండో నిలువు వరుసలో మాత్రం చ + 2త = 1, 2చ + 4త = 5 వస్తాయి. మొదటిదాన్ని రెట్టింపు చేస్తే 2 రావలసిన చోట 5 ఉంది. ఒక్క నిలువు వరుస అసంగతమైతే మొత్తం మాత్రికా సమీకరణానికే సాధన లేనట్టు. మొదటి నిలువు వరుస వరకు జవాబు రాసి ఊరుకోవడం కుదరదు.

ఇక మ·జ = జ·మ అన్న ప్రశ్న, అంటే మ తో వినిమయ ధర్మం పాటించే మాత్రికలన్నీ కనుక్కోమనడం. మ = [2 1 ; 5 3] కు 4, 5 మెట్లలో విప్పిన లబ్ధాలను పక్కపక్కన పెడితే చాలు.

మొదటి స్థానం: 2క + ట = 2క + 5చ, అంటే ట = 5చ.
రెండో స్థానం: 2చ + త = క + 3చ, అంటే త = క + చ.
మూడో స్థానం: 5క + 3ట = 2ట + 5త. పై రెండు విలువలు పెడితే ఇరువైపులా సమానమే.
నాలుగో స్థానం: 5చ + 3త = ట + 3త. మళ్లీ ట = 5చ.

జ = [క చ ; 5చ క + చ]

నాలుగు అజ్ఞాతాలకు నాలుగు సమీకరణాలు ఉన్నా కొత్త సంగతి చెప్పినవి రెండే. క = 1, చ = 0 అయితే యూనిట్ మాత్రిక, క = 2, చ = 1 అయితే మ వస్తాయి; ఈ రెండూ జవాబులో ఉండి తీరాలి కనుక ఇదే ఒక మంచి పరీక్ష.

అదే మ తో మ·జ − జ·మ = య అని అడిగితే మొదటి స్థానంలో ట − 5చ = 1, నాలుగో స్థానంలో 5చ − ట = 1 వస్తాయి. రెంటినీ కూడితే 0 = 2. రెండు పంక్తుల్లో సాధన లేదని తేలిపోయింది.

8. సరిచూడడం

వచ్చిన విలువలను మీరు రాసుకున్న రేఖీయ సమీకరణాల్లో కాక, ప్రశ్నలో ఇచ్చిన మాత్రికా సమీకరణంలోనే పెట్టి చూడాలి. నేను ఒకసారి సిల్వెస్టర్ సమీకరణాన్ని విప్పుతూ పట్టికలో చ నిలువు వరుసలో రాయవలసిన గుణకాన్ని ట కింద రాశాను. వచ్చిన జవాబును నా నాలుగు సమీకరణాల్లోనూ పెడితే అన్నీ చక్కగా సరిపోయాయి. సరిపోవా మరి, తప్పు సమీకరణాలకు సరైన జవాబే కదా అది! రెండోసారి, మూడోసారి అదే లెక్క చేసి, చివరికి మాత్రికలనే మళ్లీ గుణించాక గాని పొరపాటు బయటపడలేదు.

6వ మెట్టు జవాబును అలా సరిచూస్తే మ·జ = [5 1 ; 6 3], జ·న = [1 −1 ; 5 1]. మొత్తం [6 0 ; 11 4], అంటే ఫ.

అనంత సాధనలు ఉన్నప్పుడు స్వేచ్ఛా చరరాశులకు సున్నా కాని రెండు వేరు వేరు విలువలు ఇచ్చి రెండుసార్లు సరిచూడండి.

9. తరచూ జరిగే తప్పులు, వాటి దిద్దుబాట్లు

*మాత్రికతో భాగించడం.* జ = ఫ/మ అని రాయకూడదు. విలోమం ఎడమవైపునా, కుడివైపునా అన్నది ఆ రాతలో తెలియదు.

*మ·జ + 3జ ను (మ + 3)·జ అని రాయడం.* మాత్రికకు సంఖ్యను కూడలేం. (మ + 3య)·జ అని రాయాలి. మ = [2 1 ; 5 3] అయితే బ్రాకెట్లో వచ్చేది [5 1 ; 5 6]; నాలుగు మూలకాలకూ 3 కలిపి [5 4 ; 8 6] అని రాసేవారు ప్రతి తరగతిలోనూ ఉంటారు.

*ఇరువైపులా ఉన్న మ ను కొట్టివేయడం.* మ·జ = మ·న అయితే జ = న అనడం మ కు విలోమం ఉన్నప్పుడే చెల్లుతుంది. లేనప్పుడు విప్పి సాధించాలి.

*అడ్డు వరుసల ప్రక్రియల మధ్యలో నిలువు వరుసలను మార్చడం.* గీతకు ఎడమవైపు నిలువు వరుసలను తారుమారు చేస్తే అజ్ఞాతాల క్రమం మారిపోతుంది. గాస్–జోర్డాన్ మొదలుపెట్టాక అడ్డు వరుసలను మాత్రమే ముట్టుకోండి.

*రుణ గుర్తు జారిపోవడం.* మ·జ − జ·న విప్పేటప్పుడు జ·న లోని ప్రతి పదానికీ గుర్తు మారాలి. రెండు లబ్ధాలనూ విడిగా రాయమన్నది ఇందుకే.

10. మాత్రికలు పెద్దవైనప్పుడు

3×3 అజ్ఞాత మాత్రికతో సిల్వెస్టర్ సమీకరణమంటే 9 అజ్ఞాతాలు, 9×9 పట్టిక. చేత్తో చేయదగిన పని కాదు. పట్టికను తయారుచేయడానికి క్రోనెకర్ లబ్ధం (గుర్తు ⊗; మొదటి మాత్రికలోని ప్రతి మూలకం స్థానంలో ఆ మూలకంతో గుణించిన రెండో మాత్రికను మొత్తంగా ఉంచడం) వాడతారు. జ మూలకాలను అడ్డు వరుసల క్రమంలో (క, చ, ట, త) పరిస్తే మ·జ + జ·న కు పట్టిక మ⊗య + య⊗(న ట్రాన్స్‌పోజ్) అవుతుంది. నిలువు వరుసల క్రమంలో (క, ట, చ, త) పరిస్తే అది య⊗మ + (న ట్రాన్స్‌పోజ్)⊗య అవుతుంది.

కంప్యూటర్‌లో చేసేవారు జాగ్రత్త పడవలసింది ఇక్కడే. పైథాన్‌లోని నంపై మామూలుగా అడ్డు వరుసల క్రమంలోనూ, మాట్‌ల్యాబ్ నిలువు వరుసల క్రమంలోనూ మూలకాలను పరుస్తాయి. ఒకదాని సూత్రాన్ని మరోదానిలో పెడితే ప్రోగ్రామ్ ఏ అభ్యంతరమూ చెప్పకుండా తప్పు జవాబు ఇస్తుంది. 6వ మెట్టులోని ఉదాహరణను ముందుగా నడిపి, [1 −1 ; 2 1] వచ్చాకే మీ అసలు లెక్కకు వెళ్లండి.

మరీ పెద్ద మాత్రికలకు ఈ పట్టిక పద్ధతి పనికిరాదు. జ పరిమాణం 100×100 అయితే అజ్ఞాతాలు 10,000, పట్టికలో గడులు 10 కోట్లు. ఒక్కో గడికి 8 బైట్ల చొప్పున పట్టిక దాచుకోవడానికే 80 కోట్ల బైట్లు కావాలి. పైథాన్‌కే చెందిన మరో లైబ్రరీ సైపైలోనూ, మాట్‌ల్యాబ్‌లోనూ సిల్వెస్టర్ సమీకరణానికి ప్రత్యేక ఫంక్షన్ ఉంది. ఆ స్థాయిలో దాన్నే వాడాలి.

11. మీరే చేసి చూడవలసినవి

(అ) మ = [1 2 ; 3 5], ఫ = [4 2 ; 11 5] అయినప్పుడు మ·జ = ఫ, జ·మ = ఫ రెంటినీ సాధించండి.

(ఆ) 2జ నుంచి జ ట్రాన్స్‌పోజ్‌ను తీసివేస్తే [3 1 ; 4 5] వస్తుంది. జ ఎంత?

(ఇ) [1 1 ; 0 1] తో వినిమయ ధర్మం పాటించే 2×2 మాత్రికలన్నీ కనుక్కోండి.

జవాబులు: (అ) వరుసగా [2 0 ; 1 1], [−14 6 ; −40 17]. (ఆ) [3 2 ; 3 5]. (ఇ) [క చ ; 0 క], ఇందులో క, చ ఏ సంఖ్యలైనా కావచ్చు.